మిగిల్చిన గడప

తమ్ముడు పోయాక, వెనక వాటా తన కలప పెట్టుకోవడానికి కలిసొస్తుందని వడ్రంగికి ఆశ పుట్టింది. తమ్ముడి భార్య తనంతట తానే ఖాళీ చేసి పోతుందని, ఆమె వచ్చిపోయే సందుకి అడ్డంగా తలుపులు బిగించి తాళం వేశాడు. ఆమె ఇళ్ళ బట్టలు ఉతికి, ఇస్త్రీ చేసి, తోపుడు బండి మీద చేరవేస్తుంది. బండి కదలకపోతే పొయ్యి వెలగదు. కోర్టుకెక్కింది. తలుపులు తీసేసి దారి వదలమని జడ్జి ఉత్తర్వు ఇచ్చాడు.

వడ్రంగి తలుపులు తీశాడు. గడప మాత్రం ఉంచాడు. మోకాలి దాకా వచ్చే టేకు దుంగ. మనిషి దాటుతుంది, బండి దాటదు. తన తెలివికి తనే మురిసిపోయాడు.

బండి వీధిలో పెట్టి, తడి బట్టల మూటతో దాటబోయి ఆమె పడింది. చెయ్యి విరిగింది. ఆ కేక వినపడ్డప్పుడు వడ్రంగి చెక్కని నున్నగా చిత్రిక పడుతున్నాడు. చెయ్యి ఆగింది గానీ మనిషి లేవలేదు.

ఆమె తరఫు లాయరు కోర్టు ధిక్కారం కేసు వేశాడు.

"తలుపులు తీశానండీ అను. ఇంకొక్క ముక్క మాట్లాడావో, రేపట్నించి నీకు లోపలే భోజనం," అన్నాడు వడ్రంగి లాయరు, వరండాలో.

"గడప సంగతి అడిగితేనో?"

"నీకెందుకయ్యా? నీ ఉలి నువ్వు చూసుకో, నా నోరు నేను చూసుకుంటా."

కేసు పిలిచారు. మెడకి వేలాడగట్టిన ఆమె చేతిని జడ్జి చూశాడు. "ఏమైందమ్మా?"

"పడ్డానండీ."

"ఎక్కడ?"

ఆమె ఒక్కసారి బావగారి వైపు చూసింది. "ఇంటి దగ్గరేనండీ. నేనే చూసుకోలేదు. ఆయన్ని జైల్లో పెడితే నాకేమొస్తుందండీ? బండికి దారిస్తే చాలు."

ఆమె లాయరు తల పట్టుకున్నాడు. వడ్రంగి ఒకడుగు ముందుకేశాడు. తిట్టినా బాగుండేది.

"నా గడప మీదే పడిందండీ," అన్నాడు. తన లాయరు చొక్కా పట్టి లాగుతున్నా ఆగలేదు. "బండి దాటకూడదనే ఉంచాను. కేక విని కూడా లేవలేదు."

జడ్జి కళ్ళజోడు తీశాడు. "దారి వదలమంటే నీకు అర్థం కాక కాదన్నమాట. ఇవాళ కోర్టు లేచేదాకా ఇక్కడే కూర్చో, అదే నీకు శిక్ష. రేపటికి ఆ గడప అక్కడ ఉండకూడదు."

కూర్చున్నాడు. వచ్చేపోయే వాళ్ళంతా తననే చూస్తున్నట్టుంది. కోర్టు లేవగానే పరుగున ఇంటికొచ్చి, రంపం తీసుకుని సందులోకి వెళ్ళాడు.

అప్పటికే అక్కడ పక్క వీధి వడ్రంగి గడప కోస్తున్నాడు. ఆమె పక్కనే నిలబడి ఉంది.

"అమ్మాయ్, నేను తీసేవాణ్ణి కదా!"

"మీరు తీస్తే మళ్ళీ ఎంత మిగులుస్తారో బావగారూ," అంది ఆమె నెమ్మదిగా. గొంతులో కోపం లేదు.

రంపం ఆపి పక్క వీధివాడు నుదురు తుడుచుకున్నాడు. "అబ్బో, ఏం బిగించావు అన్నా! గట్టి పనే."

గడప తెగేదాకా వడ్రంగి తన రంపం పట్టుకుని అక్కడే నిలబడ్డాడు.