కత్తి ఎత్తిన తర్వాత

చెప్పకుండా ఒకరి మాటలు తీసేస్తే అది దొంగతనం కిందికి వస్తుందా రాదా అన్న సందేహం ప్రెస్సులో అచ్చుతప్పులు దిద్దే ప్రూఫులాయన్ను ఇరవై రెండేళ్లుగా పీడిస్తోంది. రోజూ పొద్దున్నే దణ్ణం పెట్టుకుంటూ దేవుణ్ణి అడిగేవాడు. దేవుడు ఉలకలేదు, పలకలేదు.

అప్పట్లో ఆ ప్రెస్సు కత్తియుద్ధాలూ మంత్రగాళ్లూ ఉండే కథలు ఏర్చికూర్చి ఒక సంకలనం వేసింది. పుస్తకం పదహారేసి పేజీల ఫారాలుగా అచ్చవుతుంది. చివరి కథలో పదకొండు లైన్లు పొంగి కొత్త ఫారంలోకి పోయాయి; వాటికోసం ఇంకో పదహారు పేజీల కాయితం దండగ. సంపాదకుడు ఊళ్లో లేడు. కథ నెత్తిమీదున్న కత్తి బొమ్మ తీయడానికి ప్రూఫులాయనకు మనసొప్పలేదు. కథ తోకే కోసేశాడు.

అన్నను రాయిగా మార్చిన మంత్రగాణ్ణి ఒక పిల్ల తరిమి తరిమి పట్టుకుంటుంది. ‘కత్తి ఎత్తింది’ అన్న దగ్గర కథ ఆగిపోయింది. ఒక్క వేటుకు తల ఎగరగొట్టిందని పాఠకులు చంకలు గుద్దుకున్నారు. రాసినావిడ మాత్రం మళ్లీ కథ పంపలేదు.

ఇవాళ ఆ సంకలనమే మళ్లీ అచ్చుకు పోతోంది. వెనక గదిలో మిషనాయన చివరి ఫారం ప్లేటు బిగిస్తున్నాడు. ముందు గదిలో ఆవిడ కూర్చుని, ఒక్కో లైనూ వేలితో వెంబడిస్తూ తన కథ ప్రూఫు చదువుకుంటోంది. ఇంకా రెండు పేజీలున్నాయి. ప్రూఫులాయన లేచి సంపాదకుడి దగ్గరికి వెళ్లి, చేసిందంతా చెప్పేశాడు.

“ఇరవై రెండేళ్లు నోట్లో ఏం పెట్టుకున్నారు గురువుగారూ?”

“భయం.”

సంపాదకుడు గొంతు తగ్గించాడు. జనం కొనేది ఆ ముగింపు చూసే అన్నాడు. ఇప్పుడు మార్చమంటే, రేపటినుంచి ప్రూఫులకు ఇంకొకరిని వెతుక్కుంటానన్నాడు.

“వెతుక్కోండి బాబూ. బొమ్మ తీస్తే లైన్లు సరిగ్గా పడతాయి. అప్పుడే తట్టాల్సింది నాకు.”

ఆవిడ ఆఖరి పేజీ తిప్పింది. వేలు ‘ఎత్తింది’ దగ్గర నిలిచిపోయింది. తల ఎత్తలేదు.

ప్రూఫులాయన సంచిలోని ప్రార్థన పుస్తకంలోంచి, అప్పుడు కోసేసిన లైన్లున్న పసుపెక్కిన కాయితం తీసి సంపాదకుడి ముందు పెట్టాడు. సంపాదకుడు నిలబడే చదివాడు. మంత్రగాడు చస్తే అన్న ఎప్పటికీ రాయిగానే ఉండిపోతాడు. అది తెలిసి పిల్ల కత్తి దించింది. మంత్రగాడికి నీళ్లు తాగించి, అన్న దగ్గరికి ముందు నడవమంది. సంపాదకుడు మళ్లీ మొదటి లైనుకు వెళ్లాడు. వెనక మిషను గుర్రుమంటూ అందుకుంది.

“ఆపండి,” అని సంపాదకుడు అటువైపు కేకేశాడు.

కొత్త ప్లేటుకు గంట పట్టింది. కత్తి బొమ్మ పోయి, ఆ మేరకు కథ పైకి జరిగింది. సిరా ఆరని కాయితం ప్రూఫులాయనే తీసుకొచ్చి ఆవిడకిచ్చాడు. ఉద్యోగం ఉందో ఊడిందో ఇంకా ఎవరూ చెప్పలేదు. అడగాలన్న ఆలోచనా ఆయనకు రాలేదు.

“ఈసారైనా ఉంటాయేమోనని వచ్చాను,” అంది ఆవిడ. వేలితో కింద నుంచి పైకి లెక్కపెట్టుకుంది.

“పదకొండూ ముట్టాయి అన్నయ్యగారూ.”