చనిపోయినావిడకు మొదటి బహుమతి

అక్కడ రాష్ట్రానికో సుప్రీంకోర్టు ఉంటుంది; న్యాయమూర్తి వెండెల్ క్రాఫ్ట్ తన రాష్ట్రపు సుప్రీంకోర్టులో పద్దెనిమిదేళ్లుగా కూర్చున్నాడు. కూర్చోవడమంటే నిజంగా కూర్చోవడమే, అంతకుమించి ఏమీ లేదు. నల్ల గౌను, వెండి జుట్టు, గంభీరమైన దగ్గు. చూస్తే న్యాయమే దిగివచ్చిందనుకోవాలి. ఈయన్ను ఉంచాలా వద్దా అని ఆరేళ్లకోసారి ఓటుచీటీ మీద జనాన్ని అడుగుతారు. ఈ నవంబరులో మళ్లీ అడుగుతారు. అందుకే ఆగస్టులో టిల్డన్ కౌంటీ సంబరాలకు వచ్చి, ఆపిల్ ముక్కలు కూరి కాల్చే రొట్టెల, అంటే పైల, పోటీకి తీర్పు చెప్పడానికి కూర్చున్నాడు.

ఏడో నంబరు పళ్లెం డార్లీన్ హోస్‌ది. ఆమెకు బహుమతి మీద ధ్యాసే లేదు. ధాన్యపు గోదాములో గింజల కింద కూరుకుపోయి మొగుడు పోతే, ఆమె వేసిన దావా రెండేళ్ల కిందట ఈయన దాకా వెళ్లింది. నాలుగు వందల పేజీలు. జవాబు ఒక్క వాక్యం: ‘కింది కోర్టు తీర్పును కదిలించడానికి కారణం కనిపించలేదు.’ అసలు చదివాడా, లేదా? ఆ ఒక్క సంగతి తెలిస్తే చాలు ఆమెకు.

క్రాఫ్ట్ ఫోర్కు ముట్టుకోలేదు. పోటీ నడిపే మాక్సీన్ వైపు వంగాడు. మైకు ఆపలేదని చూసుకోలేదు.

"కిందటేడు ఎవరికిచ్చారమ్మా?"

"ఓపల్ ఫ్రీసెన్‌కండీ. కానీ ఆవిడ..."

"ఇంకేం మరి." దగ్గి లేచాడు. "కిందటేటి తీర్పును కదిలించడానికి నాకు కారణం కనిపించలేదు. ఓపల్ గారూ, ఇలా రండి."

ఓపల్ ఎక్కణ్ణుంచి వస్తుంది? మార్చిలోనే చర్చి వెనక పాతిపెట్టారు. ముందు వరుసలో ఆమె చెల్లెలు ఐరిస్ రుమాలు నోటికి అడ్డం పెట్టుకుంది.

డార్లీన్ వెళ్లి తన పళ్లెంలోంచి ఒక ముక్క కోసి ఆయన ముందు పెట్టింది.

"నాలుగు వందల పేజీలు చదవమనడం లేదు జడ్జిగారూ. ఈ ఒక్క ముక్క తిని చెప్పండి."

"ఇంకో సభ ఉందమ్మా," అంటూ ఆయన టోపీ అందుకున్నాడు.

ఆమెకు జవాబు దొరికింది. ఒళ్లు మండిపోయింది. నవంబరు ఎప్పుడొస్తుందా అని ఎదురుచూసింది. ఓట్ల రోజు రానే వచ్చింది, క్రాఫ్ట్ పేరు పక్కన కాగితం చిరిగేంత గట్టిగా ‘వద్దు’ గడిని నల్లగా దిద్దింది. బయట ఐరిస్ చేతులకు గ్లవుజులు తొడుక్కుంటోంది.

"ఆ క్రాఫ్ట్‌కి వద్దనేగా పెట్టావు?" అనడిగింది డార్లీన్.

"క్రాఫ్టా? చీటీ వెనకంతా జడ్జీల పేర్లేనే. ఎవరు చదువుతారు అవన్నీ? ఎప్పట్లాగే అందరినీ ఉంచమని పెట్టేశాను," అంది ఐరిస్.

క్రాఫ్ట్ ఇంకో ఆరేళ్లు కూర్చున్నాడు.