ఫిద్దా తమ్ముడి వంతు

ఉమ్ షిన్నార్ లోయలోకి అతిథుల్ని నడిపించుకుపోయే మగాళ్ళు మా ఎడారి ఊళ్ళో ముప్పై ఒక్కమంది. టీపొడి వచ్చిన అట్టపెట్టె ఒకటి విప్పి, దాని మీద వాళ్ళ పేర్లు బొగ్గుతో రాసి, మగాళ్ళు కూర్చునే షెడ్డు గోడకి మేకులు కొట్టి పెట్టారు. అట్ట అంచుకి ఒక బట్టల క్లిప్పు. రోజుకొక పేరు చొప్పున కిందికి దిగుతుంది. క్లిప్పు ఎవడి పేరు పక్కన ఉంటే ఆ రోజు వచ్చిన అతిథులు వాడి సొత్తు. వాడికి దారి తెలుసా, కళ్ళు ఆనతాయా, మోకాళ్ళు వంగుతాయా అని అడిగే ఆచారం మాకు లేదు. వంతంటే వంతే.

ఇరవైమూడో పేరు హువైమిల్‌ది.

హువైమిల్‌కి నలభై నాలుగేళ్ళు. పికప్ బండి ఉంది, నడుముకి వెండిపిడి బాకు ఉంది, కళ్ళకి కాటుక ఉంది. కాటుక వంతు వచ్చిన రోజునే పెడతాడు. బాకు ఇంతవరకు ఉల్లిపాయని కూడా తరిగి ఎరగదు. కోతలన్నీ నోటితోనే.

మావాళ్ళల్లో మగాడు రొమ్ము విరుచుకోవాలంటే తండ్రి పేరు చెప్పడు, తోబుట్టువు పేరు చెబుతాడు. "నేను ఫలానా ఆమె తమ్ముణ్ణి!" అని అరిచి ముందుకి దూకాడంటే ఇక ప్రాణం పోయినా వెనక్కి తగ్గకూడదు. పూర్వం కత్తులు దూసేటప్పుడు అరిచేవారట. హువైమిల్ టైరు మార్చేటప్పుడు అరుస్తాడు. "నేను ఫిద్దా తమ్ముణ్ణి!" అని జాకీ ఎక్కిస్తాడు.

ఆ ఫిద్దా వాడి అక్క. మొగుడు పోయాక వాడి ఇంట్లోనే ఉంటోంది. ముప్పై ఏళ్ళుగా నలభై మేకల్ని తోలుకుని, చేతిలో కదురు తిప్పుకుంటూ ఆ లోయలోనే తిరుగుతోంది. అట్ట మీద ఆమె పేరు లేదు. ఉండాలని ఎవరికీ తోచలేదు. మేకల పేర్లు కూడా లేవు కదా.

ఇక హువైమిల్ గుట్టు ఒకటి చెప్పాలి. లోయలో మూడో మలుపు దాటి వాడెన్నడూ పోలేదు. పదమూడో ఏట స్టీరింగు పట్టుకున్నవాడు, నేల మీద కాలు పెట్టింది తక్కువ. మూడో మలుపు దగ్గర నిప్పు రాజేసి, టీ కాచి, వాళ్ళ తాత తోడేలుతో కుస్తీపట్టిన కథ చెప్పి, "ఇక ముందుకి పోతే చిరుతపులి" అని అతిథుల్ని వెనక్కి తిప్పేవాడు. పోయిన చలికాలం అలాగే ఇద్దర్ని తిప్పుతుంటే, ఆ చిరుతపులి ఉన్న వైపు నుంచే నలుగురు ముసలమ్మలు నారింజపళ్ళు ఒలుచుకుంటూ నవ్వుతూ వచ్చారు. ఫిర్యాదు షెడ్డుదాకా వచ్చింది.

అట్టకి పెద్ద అబూ నాయిల్. ఆయన ఎక్కువ మాట్లాడడు.

"ఇంకొక్క ఫిర్యాదు వచ్చిందా, పేరు రాసిన బొగ్గుతోనే కొట్టేస్తా," అన్నాడు.

పేరు పోయినవాడు షెడ్డులో ఎక్కడ కూర్చుంటాడో మా ఊళ్ళో పసిపిల్లలకి కూడా తెలుసు. గుమ్మం దగ్గర, చెప్పుల పక్కన. అక్కడ కూర్చుని మిగతావాళ్ళకి టీ పోస్తాడు. ఆ చోటు తల్చుకుంటే హువైమిల్‌కి రాత్రిళ్ళు నిద్ర పట్టేది కాదు.

అక్టోబరులో మళ్ళీ వాడి వంతు వచ్చింది. వచ్చినవాళ్ళు ముగ్గురు: రాజధానిలో భూగోళం చెప్పే హాలా టీచరు, చేతికర్రలు పట్టుకున్న ఒక చెక్ దంపతులు. ఆ దంపతులకి మా మాట రాదు, వాళ్ళ మాట హాలాకి కొంచెం వచ్చు. వాళ్ళు అడిగింది మూడో మలుపు కాదు. పైన దిగి, లోయంతా నడిచి, కింద లోయ తెరుచుకునే వాగు నోటి దగ్గర తేలాలి.

"అంతా నడవాలా?" అన్నాడు హువైమిల్.

"లోయ చూడ్డానికే కదన్నా వచ్చింది," అంది హాలా.

వాడి పినతండ్రి కొడుకు అవ్వాద్ పక్కనే పళ్ళు కుట్టుకుంటున్నాడు. అట్ట మీద తర్వాతి పేరు వాడిదే. "ఒంట్లో బావుండకపోతే వంతు నాకిచ్చేయ్ అన్నా. నడుంనొప్పి అని చెప్పు, ఎవరూ ఏమీ అనుకోరు," అన్నాడు, అందరూ అనుకునేటంత గట్టిగా.

హువైమిల్ రొమ్ము చరుచుకున్నాడు. "నేను ఫిద్దా తమ్ముణ్ణి! ఈ లోయలో ప్రతి రాయికీ నా పేరు తెలుసు!"

రాళ్ళకి వాడి పేరు తెలిస్తే తెలిసుండొచ్చు. వాడికి మాత్రం రాళ్ళు తెలియవు.

"సరే. నేను కింద వాగు నోటి దగ్గరుంటా," అన్నాడు అబూ నాయిల్. ఆయన ఎన్నడూ అలా వచ్చి కూర్చున్నవాడు కాదు.

మూడో మలుపుదాకా వాడు రాజులా నడిచాడు. తోడేలు కథ చెప్పాడు. ఈసారి తోడేళ్ళు రెండయ్యాయి. మలుపు దాటాక కథ ఆగిపోయింది. గోడలు దగ్గరపడ్డాయి, పైన ఆకాశం ఒక గుడ్డపేలిక అంత మిగిలింది. గన్నేరు పొదలు దాటాక లోయ రెండుగా చీలింది. కుడివైపు ఒక సందు, ఎడమవైపు ఒక సందు. రెండూ ఒకేలా ఎర్రగా, ఒకేలా ఇరుగ్గా, ఒకేలా నోరు తెరుచుకుని ఉన్నాయి.

హువైమిల్ నిలబడ్డాడు.

"ఏ వైపన్నా?" అంది హాలా.

"తొందరెందుకమ్మా? ఎడారి మనిషి ముందు ఇసకని అడుగుతాడు."

అడగడానికి వంగాడు. వంగగానే వాడి అదృష్టం, కుడిసందు ఇసకలో చెప్పుల గుర్తులు కనిపించాయి. టైరు ముక్కతో చేసిన చెప్పు, ఎడమ మడమ లోపలివైపు అరిగిపోయింది. అక్క అడుగు! మా ఊళ్ళో గుడ్డివాణ్ణి అడిగినా చెబుతాడు అది ఫిద్దా అడుగని. అక్క మేకల్ని కింద ఊటకే తోలుతుంది కదా, ఈ అడుగుల వెంట పోతే చాలు, వాగు నోట్లో పడతాం అనుకున్నాడు. వాడికి ఒక్కసారిగా ప్రాణం లేచొచ్చింది.

"ఇటే! నేను ఫిద్దా తమ్ముణ్ణి!" అని అరిచాడు. గోడలు ఆ మాటని నాలుగుసార్లు తిరిగి అప్పజెప్పాయి.

హాలా మోకాళ్ళ మీద కూర్చుని ఇసక చూస్తోంది. "అన్నా, ఈ అడుగు మీదుగా కుట్టు వేసినట్టు సన్నటి గీత పోయింది. ఏమిటిది?"

"పురుగమ్మా. నల్లపురుగు నడిచింది."

"అడుగు మీదుగా నడిచిందే? అంటే అడుగు ముందు పడింది కదా?"

"పురుగు ఎక్కడైనా నడుస్తుంది. దానికేం పని!"

ఆ నల్లపురుగు రాత్రిళ్ళే తిరుగుతుంది. గీత అడుగు మీద ఉందంటే, అడుగుకీ మనకీ మధ్య ఒక రాత్రి గడిచిందని అర్థం. మేకలు కాసే ఏడేళ్ళ పిల్ల కూడా ఆ గీత చూడగానే "ఇవి నిన్నటివి" అని తిరిగిపోయేది. హువైమిల్ ముప్పై ఏళ్ళుగా అద్దంలోంచి రోడ్డు చూసినవాడు. టైరు గుర్తయితే ఏ కంపెనీదో చెప్పేవాడు.

రెండు గంటలు నడిచారు. ఎక్కారు, దిగారు, పాకారు. పాకినప్పుడల్లా హువైమిల్ అక్క పేరు పెట్టి అరిచాడు. చెక్ ఆయన చేతికర్ర ఒకటి విరిగింది. నీళ్ళసీసాలు తేలికయ్యాయి. సందు సన్నబడి సన్నబడి, చివరికి ఒక రాతిగోడ ముందు ఆగిపోయింది. గోడ కింద ముళ్ళకంపల దడి, దడిలో పెంటికలు, ఒక తొట్టి. ఫిద్దా మేకలదొడ్డి అది. నిన్న సాయంత్రం మేకల్ని అక్కడికి తోలుకొచ్చిన అడుగులవి.

చెక్ ఆమె చుట్టూ చూసి ఏదో అంది.

"ఇది చారిత్రక స్థలమా అని అడుగుతోంది," అంది హాలా, నవ్వకుండా.

"చాలా పాతది. మా పూర్వీకులు..." అని మొదలుపెట్టి హువైమిల్ చెప్పుకంటిన పెంటికలు దులుపుకున్నాడు. వెనక్కి పోవాలంటే పొద్దు చాలదు. ముందుకి పోవాలంటే రాయి. అక్కడ వాగు నోటి దగ్గర అబూ నాయిల్ కూర్చుని ఉన్నాడు. అట్ట మీద ఇరవైమూడో పేరుకి అడ్డంగా బొగ్గుగీత కళ్ళముందు ఆడింది. ఒళ్ళంతా చెమట పట్టి కాటుక బుగ్గల మీదికి కారింది.

"ఒరేయ్ తమ్ముడూ! మేకల్ని లెక్కపెట్టడానికొచ్చావా?"

మాట పైనుంచి వచ్చింది. తలెత్తి చూస్తే గోడ అంచున ఫిద్దా. చేతిలో కదురు తిరుగుతూనే ఉంది.

"అక్కా! నువ్వెలా వచ్చావే?"

"పొద్దుట్నుంచీ నా పేరు పట్టుకుని అరుస్తున్నావు కదరా, లోయ దద్దరిల్లిపోయేలా. నువ్వు రెండోసారి అరిచినప్పుడే అనుకున్నా, తప్పిపోయావని."

కదురు నడుముకి దోపుకుని, చేతులు కూడా ఆనించకుండా ఆ గోడ మీంచి దిగింది. సంచీలోంచి ఎండుపెరుగు ఉండలు, నిప్పుల్లో కాల్చిన రొట్టె తీసి అతిథులకి పెట్టింది. తొట్టి వెనక రాయి జరిపితే నీళ్ళు. హాలా దోసిలి పట్టి తాగుతుంటే హువైమిల్ అక్కని పక్కకి లాగాడు.

"అక్కా, నీ కాళ్ళు పట్టుకుంటా. ముందు నువ్వు నడువు. చివరి మలుపు దగ్గర మాత్రం ఆగిపో. అక్కణ్ణుంచి నేను ముందుంటా. అబూ నాయిల్ కూర్చున్నాడక్కడ. నా పేరు పోతే చెప్పుల దగ్గర కూర్చోవాలే!"

ఫిద్దా తలగుడ్డ చెంగుతో వాడి బుగ్గల మీద కాటుక తుడిచింది.

"ముప్పై ఏళ్ళ బట్టీ నేను ఎక్కడ కూర్చుంటున్నానో ఎప్పుడైనా చూశావట్రా?" అంది. దిగిన గోడ మీదికే దారి చూపిస్తూ నడక మొదలుపెట్టింది.

ఆమె వెనక హాలా, ఆమె వెనక చెక్ దంపతులు, అందరి వెనక బాకు పట్టుకుని హువైమిల్. ఫిద్దా కథలేమీ చెప్పలేదు. "ఇక్కడ కాలు", "ఇక్కడ తల వంచండి", "ఈ నీళ్ళు తాగొద్దు" అంతే. రాతిలో మెట్టులా కనిపించనిది ఆమె కాలు పెట్టాక మెట్టయ్యేది. గంటన్నరలో చివరి మలుపు వచ్చింది. ఆమె ఒక పక్కకి తప్పుకుంది, మేకల్ని చూసుకోవాలని పైకి ఎక్కిపోయింది. హాలా ఆమె పోయినవైపే చూస్తూ నిలబడింది.

హువైమిల్ తలగుడ్డ సర్దుకుని, మీసం దువ్వుకుని, ముందుకొచ్చాడు.

"నేను ఫిద్దా తమ్ముణ్ణి!" అని అరుస్తూ వాగు నోట్లోంచి బయటపడ్డాడు.

తుమ్మచెట్టు కింద అబూ నాయిల్, అవ్వాద్, ఇంకో పదిమంది కాఫీ తాగుతున్నారు. ముసలాయన అతిథులకి కప్పులు అందించి, "ఎలా ఉందమ్మా?" అని అడిగాడు.

"చాలా బాగుంది," అంది హాలా. "దారి బాగా తెలిసినవాళ్ళు తీసుకొచ్చారు."

హువైమిల్ అవ్వాద్ వైపు చూసి కనుబొమ్మలు ఎగరేశాడు. ఫిర్యాదు లేదు. గట్టెక్కాడు. తోడేళ్ళు మూడయ్యాయి.

"ఒక్కసారి ఒంటేలుకి పోయొస్తా," అని అబూ నాయిల్ లేచి మలుపు వెనక్కి పోయాడు. ఒంటేలుకి పట్టే సమయం కంటే చాలా ఎక్కువసేపు పట్టింది. తిరిగొచ్చి, నేల మీద కూర్చుని, కప్పు బోర్లించి పెట్టాడు.

"ఫిర్యాదు వచ్చిందిరా."

"ఎవరు చేశారు పెదనాన్నా? టీచరమ్మ బాగుందనే అంది కదా!"

"ఇసక చేసింది. ముందు నడిచేవాడి అడుగు అందరి అడుగుల కింద ఉంటుంది. నీది అందరి మీదా ఉంది." ఆయన గొంతు పెంచలేదు. "అందరి కింద ఒక టైరుచెప్పు ఉంది. ఎడమ మడమ అరిగింది. ఎవరిదో నువ్వే చెప్పు."

హువైమిల్ బాకుపిడి తడుముకున్నాడు, గడ్డం తడుముకున్నాడు, ఇక తడుముకోడానికేం మిగల్లేదు.

"అక్కది," అన్నాడు.

ఆ సాయంత్రమే షెడ్డులో ఇరవైమూడో పేరు మీద బొగ్గుగీత పడింది. అవ్వాద్ అప్పుడే తన పేరు ఒక మెట్టు పైకి జరుపుకోడానికి సిద్ధమయ్యాడు.

"ఆగు. వంతు ఇంటిది, మనిషిది కాదు. ఆ ఇంట్లో లోయ తెలిసిన మనిషి ఇంకొకరున్నారు," అని అబూ నాయిల్ గీత పక్కన రాయడం మొదలుపెట్టాడు.

"ఆడమనిషి పేరా?" అన్నాడు అవ్వాద్. షెడ్డంతా గొణిగింది.

ముసలాయన బొగ్గు ఆపాడు. "మీలో లోయ చివరిదాకా నడిచినవాళ్ళు ఎంతమందిరా? చేతులెత్తండి. రేపు నేను ఇసక చూసొస్తా."

పదిహేను చేతులు లేచాయి. ఆ చివరి మాట అర్థమయ్యాక తొమ్మిది దిగాయి. అవ్వాద్‌ది అందరికంటే ముందు దిగింది. తర్వాత ఇక గొణుగుడు లేదు. ఉన్నదల్లా టీ చప్పరించే చప్పుడు, గుమ్మం దగ్గర కూర్చుని హువైమిల్ పోస్తున్నాడు.

ముప్పై ఒక్క రోజులు గడిచి క్లిప్పు మళ్ళీ ఇరవైమూడో పేరు దగ్గరికి వచ్చింది. ఫిద్దా కాటుక లేకుండా, బాకు లేకుండా, కదురుతో వచ్చింది. అతిథుల్ని లోయ పైఅంచు దగ్గర దింపడానికి హువైమిల్ బండి తీశాడు. వాళ్ళల్లో ఒక పెద్దాయన ముందుసీటులో కూర్చుంటూ, మర్యాదకి, "మీరెవరు బాబూ?" అని అడిగాడు.

హువైమిల్ చెయ్యి అలవాటుగా రొమ్ము దాకా లేచింది. దారిలోనే ఆగి, స్టీరింగు మీదికి దిగింది.

"ఫిద్దా తమ్ముణ్ణండీ," అన్నాడు మెల్లగా.

బండి వెనక తొట్టిలో కూర్చున్న అక్క కదురు ఆపింది.

"గట్టిగా చెప్పరా. లోయలో అరిచినట్టు."