షియోదోన్ లోపలి మనిషి

నేను ఒక సముద్ర రాక్షసుణ్ణి. కంగారు పడకండి, రబ్బరు రాక్షసుణ్ణే. టోక్యో శివార్లలోని ఒక సినిమా స్టూడియోలో వెదురు బద్దల మీద గుడ్డ చుట్టి, దూది కూరి, పైన రబ్బరు పాలు పూసి నన్ను తయారు చేశారు. షియోదోన్ అని పేరు పెట్టారు. కోరలూ తోకా పుట్టుకతోనే వచ్చాయి. ప్రాణం మాత్రం రోజూ పొద్దున్నే తోకుజి అనే నటుడు వెంట తెచ్చేవాడు.

వీపు మీది జిప్పు తీసి అతను లోపలికి దిగితే నాకు ఒళ్లు తెలిసేది. నా మెడలోని చిల్లుల్లోంచే ఇద్దరం లోకాన్ని చూసేవాళ్లం. మోకాలెత్తు మేడలు, అరచేతిలో పట్టే రైళ్లు, మంచు అనిపించడానికి వదిలిన తెల్లటి పొగ. ఆ పొగలో మెల్లగా నడుస్తుంటే ఎవరి కలలోనో తిరుగుతున్నట్టుండేది. వడ్రంగులు వారాల తరబడి కట్టిన నగరాన్ని మేం ఒక్క పూటలో నేలమట్టం చేస్తే, ఆ వడ్రంగులే ముందుగా చప్పట్లు కొట్టేవారు. ఈ మనుషులు నాకు ఎప్పటికీ అర్థం కారు.

ఏళ్లు గడిచాయి. నా పేరు దేశంలో పిల్లలందరికీ తెలుసు. తోకుజి ముఖం ఎవరికీ తెలియదు. లోపల మనిషి ఉన్నాడని తెలిస్తే పిల్లలకు భయం పోతుందని, జనం ముందు నా తల తీయకూడదని, సంగతి బయట ఎవరికీ చెప్పకూడదని కంపెనీ కట్టడి చేసింది. పల్లెలో చేపలు ఎండబెట్టుకునే అతని తల్లి మాత్రం, "సినిమాల్లో ఉన్నానంటావు, ఒక్కదాంట్లోనూ కనపడవేంరా?" అని అడిగేదట. ఆ మాట స్టూడియోలో అందరికీ చెప్పి నవ్వేవాడు. అతణ్ణి లోపల మోసే నాకు తెలుసు, అది నవ్వు కాదు.

చివరికి దర్శకుడు కరుణించి, పారిపోయే జనంలో పోలీసు వేషం ఇచ్చాడు. ముఖం తెరనిండా కనిపిస్తుంది. తోకుజి సంబరపడిపోయి తల్లికి కబురు పంపాడు. తీరా కెమెరా తిరిగేసరికి ఇన్నేళ్ల అలవాటు కాళ్లను వదల్లేదు. మోకాళ్లు పైకెత్తి, చేతులు వేలాడేసి, దారిలో పడున్న సైకిలును ఇల్లు దాటినట్టు దాటాడు.

"తోకుజి గారూ, మీరు పారిపోవాలండీ, తరమకూడదు!" అని అరిచాడు దర్శకుడు.

అందరూ పగలబడి నవ్వారు. కొక్కేనికి వేలాడుతున్న నాకు సిగ్గేసింది, ఆ నడక నాది కదా. ఎన్నిసార్లు తీసినా అంతే. ఆ సన్నివేశం ఎత్తేశారు.

తల్లికి చెప్పడానికి అతనికి నోరు రాలేదు. సినిమా విడుదలైన రోజు ప్రచారం కోసం మమ్మల్ని థియేటరు వసారాలో నిలబెట్టారు. ఆమె రైలెక్కి వచ్చింది. దాచుకున్న మంచి కిమోనో కట్టుకుని, మా ముందునుంచే లోపలికి వెళ్లింది. ఆట అయ్యేదాకా నాకు అతని గుండె చప్పుడు తప్ప ఇంకేమీ వినపడలేదు.

ఆట వదిలాక పిల్లలు మా చుట్టూ మూగారు. వాళ్లను తప్పించుకుని ఆమె మా ఎదురుగా వచ్చి నిలబడింది.

"పోలీసు వేషం అన్నావు. లేదుగా," అంది నా కోరల వంక చూస్తూ.

ఆమె ఇంకో అడుగు దగ్గరికి వేసింది.

"వంతెన కిందికొచ్చి ఆ రాక్షసి తల వంచిందే, అప్పుడు పోల్చుకున్నా. మన గుమ్మం పొట్టిదని చిన్నప్పట్నుంచీ అట్లాగే వంచుతావుగా నాయనా. ఇంక ఊరంతా తగలబడిపోతున్నా నిన్నే చూస్తా కూచున్నా."

అతను రెండు చేతులా నా తల ఊడబెరికాడు. మేనేజరు వద్దు వద్దంటూ పరుగెత్తుకొచ్చాడు. ఎర్రగా కందిన ఆ ముఖాన్ని చూసి పిల్లలు గప్‌చుప్ అయిపోయారు. ఆమె కిమోనో చేతి అంచుతో అతని నుదురు తుడిచింది. అతని చంకలో ఇరుక్కుని నేను అదంతా చూశాను. నాకు చాలా సంతోషమేసింది.

ఇప్పుడు మ్యూజియంలో అద్దాల వెనక ఉన్నాను. రబ్బరు పగుళ్లిచ్చింది. తోకుజి మళ్లీ ముఖం కనిపించే వేషం అడగలేదు, చివరిదాకా నాలోనే నడిచాడు. ప్రతి సినిమాకూ ఆమె వచ్చేది. హాలంతా నన్ను చూసి కేకలు పెడుతుంటే, పక్కవాళ్లను తట్టి, "మా అబ్బాయి," అని తెరమీద నన్ను చూపించేదట.