వానకు చెరిగిన నల్లబల్ల

చక్కెర టోకు దుకాణం నడిపే ఆవిడను బజారంతా చక్కెరమ్మ అనేది. నోరు మాత్రం పేరుకు తగ్గది కాదు. అలాంటి మనిషిని కోర్టులో నోరు మూసుకుని కూర్చోమనడమే పెద్ద శిక్ష. ఆ శిక్ష వేసినవాడు సొంత మరిది. ఆవిడ కేసు వాదిస్తున్న లాయరూ అతనే.

"వదినా, నువ్వు మాట్లాడావంటే కేసు పోతుంది," అన్నాడు మళ్లీ.

"నువ్వు మాట్లాడితే వాయిదా పడుతోంది కదయ్యా!"

అసలు నేరమేమిటో వింటే ఎవరికైనా పిచ్చెక్కుతుంది. దుకాణంలో సరుకు ఎంతుందో రోజూ నల్లబల్ల మీద రాసి, జనానికి కనబడేలా బయట తగిలించాలని ప్రభుత్వ నియమం. ఆవిడ రాసింది, తగిలించింది. వాన వచ్చింది, సుద్ద రాత కారిపోయింది. సరిగ్గా అప్పుడే ఊడిపడ్డాడు సరఫరా అధికారి.

"వాన బాబూ, నేనేం చేసేది? లోపలికొచ్చి బస్తాలు లెక్కపెట్టుకోండి," అంది.

లెక్కపెట్టాడు. పుస్తకానికీ బస్తాలకూ ఇసుమంత తేడా లేదు. అయినా ఖాళీ బల్లను పట్టుకుని, సరుకు దాచిందని రాసి, దుకాణంలోని చక్కెరంతా లారీకెక్కించాడు. తర్వాత జప్తు ఉత్తర్వు మీద సంతకం కూడా ఆయనే చేశాడు.

అప్పటినుంచి దుకాణానికి తాళం. ఆవిడకు ఉన్నదంతా ఆ బస్తాల్లోనే ఉంది. అవి తిరిగి రాకపోతే ఆ తాళం తీసే పనే లేదు. కోర్టు సంగతి చూస్తే, ఒకసారి ఫైలు రాలేదు, ఒకసారి ప్రభుత్వ లాయరు రాలేదు, రెండూ వచ్చిన రోజున మరిదికి జలుబు. ఈలోగా ఇంకో వానాకాలం వచ్చి వెళ్లింది.

ఇవాళ ఎలాగో అందరూ వచ్చారు.

"ఇంతకీ సరుకు ఎక్కడుంది?" అని అడిగారు జడ్జిగారు విసుగ్గా.

"గిడ్డంగిలో భద్రంగా ఉందండి," అన్నాడు ప్రభుత్వ లాయరు.

"ఒక బస్తా తెప్పించండి."

పక్కనే ఉన్న అధికారి మొహం మాడిపోయింది. మధ్యాహ్నానికి ఇద్దరు బంట్రోతులు ఒక బస్తా మోసుకొచ్చారు. ఇద్దరెందుకో వాళ్లకే తెలియాలి, ఒకడు ఒంటిచేత్తో తేగలిగేంత బరువే ఉంది. గోనె అట్టకట్టింది. అడుగున రాయిలాంటి గడ్డ మిగిలింది. మూతి మీద లక్కముద్ర మాత్రం చెక్కు చెదరలేదు, దాని చుట్టూ చీమలు.

"మిగతావీ ఇంతేనా?" అన్నారు జడ్జిగారు.

అధికారి చేతులు కట్టుకున్నాడు. "గిడ్డంగి కప్పు కారిందండి. వానకు మేమేం చేస్తామండి?"

ఇక ఆవిడ నోరు ఆగలేదు. మరిది "వదినా, వదినా" అంటున్నా లేచి నిలబడింది.

"అదే మాట నేనంటే ఈయన ఏం రాశాడో చదవండి సార్!"

జడ్జిగారు ఫైలు తిరగేసి జప్తు ఉత్తర్వు పైకి చదివారు. "వాన పడుతుందని తెలిసి కూడా తగిన జాగ్రత్త తీసుకోకపోవడం బాధ్యతారాహిత్యం. సంజాయిషీ తృప్తికరంగా లేదు." కళ్లజోడు పైనుంచి అధికారిని చూశారు. "బాగా రాశారు. నా తీర్పులోకి మీ మాటలే తీసుకుంటున్నాను."

జప్తు కొట్టేశారు. సుద్ద చెరిగినందుకు సరుకంతా లాక్కోవడం అన్యాయమన్నారు. మొత్తం చక్కెరకు ఇవాళ్టి ధర కట్టివ్వాలన్నారు. చక్కెరమ్మకు ఏడుపొచ్చింది. ఈపాటి దానికి ఇన్నాళ్లా అని ఒళ్లు మండింది కూడా.

"చూశావా వదినా, గెలిపించాను!" అన్నాడు మరిది. ఆవిడ ఒక్క చూపు చూసేసరికి కాగితాలు సర్దుకోవడంలో పడ్డాడు.

కోర్టు మెట్ల దగ్గర అధికారి ఎదురయ్యాడు. ఓడినా బింకం తగ్గలేదు.

"దుకాణం తెరిస్తే నల్లబల్ల మాత్రం బయటే ఉండాలమ్మా. నియమం మారలేదు."

"ఉంటుంది బాబూ," అంది చక్కెరమ్మ. "మబ్బు పట్టగానే కబురు పెడతాను. మీరొచ్చి గొడుగు పట్టుకోండి."