వెనక నుంచి తీసిన ముద్దు

ఐడా క్వాన్‌కి ఇరవై రెండేళ్లు. లాస్ ఏంజెలెస్ చైనాటౌన్‌లో తండ్రికి మూలికల దుకాణం ఉంది. అందులో పొట్లాలు కట్టడం ఆమె పని. దేన్ని చూసినా ఇదిలా ఎందుకుందని అడగకుండా ఉండలేదు. 1926 వసంతంలో ఓ స్టూడియో మనిషి దుకాణానికొచ్చి, తమ కొత్త బొమ్మలో చైనా పిల్ల వేషం వేసే నటికి చాప్‌స్టిక్స్ పట్టుకోవడం నేర్పడానికి ఎవరైనా వస్తారా అని అడిగితే, తల్లి వద్దు వద్దంటున్నా ఐడానే బయల్దేరింది.

ఆ నటి వెర్నా హోల్కమ్, నెబ్రాస్కాలో ఓ తెల్లజాతి గోధుమ రైతు కూతురు. రోజూ పొద్దున్నే మేకప్ మనిషి ఈమన్ టల్లీ ఆమె కనుకొలకులకు పల్చటి చేప తోలు పొరను జిగురుతో అంటించి, వెనక్కి లాగి, విగ్గు కింద దాచేవాడు. దానికే రెండు గంటలు పట్టేది. ఐడా పక్కనే నిలబడి రెప్ప వాల్చకుండా చూసేది.

మూడో రోజు ఇక ఆగలేకపోయింది. "ఇంత అవస్థ పడే బదులు నన్నే పెట్టుకోవచ్చుగా?"

"నిన్ను పెట్టుకుంటే నాకు పనేముంటుంది?" అని నవ్వాడు ఈమన్. వెర్నా లేచి వెళ్లాక గొంతు తగ్గించాడు. "నిజం చెప్పనా? కథలో హీరో ఆ పిల్లని ముద్దు పెట్టుకోవాలి. నిజంగా చైనా పిల్లయితే సగం ఊళ్లలో బొమ్మ ఆడనివ్వరు."

"వేషం వేసిన పిల్లయితే ఫర్వాలేదా?"

"లోపలున్నది వెర్నా అని అందరికీ తెలుసుగా."

"అంటే చైనా పిల్లనే చూస్తూ, చైనా పిల్ల కాదులే అనుకుంటూ చూస్తారన్నమాట."

"అంతే."

"భలే ఉందే!" అంది ఐడా. కోపం రావలసిన చోట ఆమెకు వింతగా అనిపించింది. కోపం సాయంత్రం, పొట్లాలు కడుతుంటే వచ్చింది.

మధ్యాహ్నాలు ఇద్దరూ చెక్కల గోదాము నీడన కూర్చుని తినేవాళ్లు. ఆమె తెచ్చిన ఉప్పులో ఊరిన బాతు గుడ్డు అతను తినేవాడు, అతని హామ్ శాండ్‌విచ్ ఆమె తినేది. ఓ రోజు అడిగింది.

"చివర్లో ఆ పిల్ల సముద్రంలో దూకి చచ్చిపోతుందేం?"

"బతికుంటే పెళ్లి చెయ్యాలి. ఈ రాష్ట్రంలో తెల్లవాడు చైనా పిల్లని చేసుకుంటే ఆ పెళ్లి చెల్లదు."

"మీకెలా తెలుసు?"

"లైబ్రరీకి వెళ్లి చట్టం చదివాను."

"ఎప్పుడు?"

"మొన్న."

"ఎందుకు?"

ఈమన్ చెవులు ఎర్రబడ్డాయి. గుడ్డు పెంకు ఒలవడంలో మునిగిపోయాడు. జీవితంలో మొదటిసారి ఐడా ఒక ప్రశ్నకు జవాబు రాకపోయినా రెట్టించలేదు.

ఐదో వారంలో వెర్నా కనురెప్పలు జిగురు పడక బూరెల్లా వాచిపోయాయి. ముద్దు సీను ఒక్కటే మిగిలింది. రేవు సెట్టు శనివారం విప్పేస్తారు. డైరెక్టర్ హార్గ్రేవ్ సెట్టంతా రెండుసార్లు చుట్టి వచ్చి ఐడా ముందు ఆగాడు.

"అటు తిరుగమ్మాయ్. ఊఁ, మెడ సరిపోతుంది. వెనక నుంచి తీసేద్దాం."

హీరో లయొనెల్ ప్రెస్కాట్ కుర్చీలోంచి లేవలేదు. "నేను చెయ్యను. రేపు ఏ పత్రికవాడికో తెలిస్తే నా గతేం కాను?"

"సరే, నీ మొహం కూడా నీడలో పెడతాం. నీ ఎత్తున్నవాడు చాలు." హార్గ్రేవ్ చుట్టూ చూశాడు. అంత పొడుగు మనిషి అక్కడ ఒక్కడే ఉన్నాడు, చేతిలో జిగురు బ్రష్షుతో.

ఐడాకి నవ్వాగలేదు. "అయితే ఇప్పుడు నిజంగా ఒక తెల్లవాడూ ఒక చైనా పిల్లా ముద్దు పెట్టుకుంటారు. మొహాలు కనబడవు కాబట్టి తప్పు లేదన్నమాట?"

"చూడమ్మాయ్, నీకు డబ్బులిచ్చేది మెడకి. నోటికి కాదు."

"ముద్దుకి నోరు కూడా కావాలిగదండీ?"

దీపాల దగ్గర పనివాళ్లు పగలబడి నవ్వారు. ఈమన్ మాత్రం నవ్వలేదు. హీరో కోటు అతనికి భుజాల దగ్గర బిగుతైంది.

నటులకి ఊపు రావడానికి సెట్టు పక్కన వాయించే ఫిడేలు మొదలైంది. కెమెరా పిడి తిరుగుతున్న చప్పుడు. మూకీ బొమ్మ కాబట్టి హార్గ్రేవ్ అరుస్తూనే ఉన్నాడు: "దగ్గరికి రా... ఇంకా..."

"నీకిష్టం లేకపోతే చెంప దగ్గర ఆపేస్తాను. వాళ్లకి తెలీదు," అన్నాడు ఈమన్ పెదవి కదపకుండా.

"వద్దు. ఎలా ఉంటుందో నాకు చూడాలనుంది."

అతను వంగాడు. జిగురు వాసన, దాని వెనక సబ్బు వాసన. ఎలా ఉంటుందో చూద్దామనుకున్నది కాస్తా చూడడం మరిచిపోయింది.

"చాలు!" అన్నాడు హార్గ్రేవ్. తర్వాత గట్టిగా, "చాలన్నానా!"

ఆ శరదృతువులో బొమ్మ విడుదలైంది. మెయిన్ స్ట్రీట్ హాల్లో, తమవాళ్లని కూర్చోనిచ్చే పై బాల్కనీలో, ఐడా తల్లితో కలిసి చూసింది. ముద్దు సీను రాగానే కింద ఆడవాళ్లంతా ఒక్కసారిగా నిట్టూర్చారు. తల్లి పుచ్చగింజలు కొరకడం ఆపింది.

"ఆ మెడ నీదే."

"అమ్మా!"

"పదేళ్లు జడలేసినదాన్ని, ఆ మాత్రం పోల్చుకోలేనూ? ఆ భుజాలు మాత్రం హీరోవి కావు. ఎవడే వాడు?"

"మేకప్ మనిషి. ఈమన్ అని."

"అదంతా నటనేనా?"

ఐడా తల్లి పొట్లంలోంచి ఒక గింజ తీసుకుంది. తల్లి ఇంకో గింజ కొరికింది.

"మంచివాడేనా?"

"అడగాల్సినవన్నీ అడిగాను. ఇంకా అడుగుతూనే ఉన్నాను."

"మీ నాన్నకి నేను చెప్పను. నువ్వే చెప్పుకో. అన్నం తిన్నాక చెప్పు, ఆకలి మీద చెప్పకు."

చెప్పింది. తండ్రి పదకొండు రోజులు ఆమెతో మాట్లాడలేదు. పన్నెండో రోజు "ఆ అబ్బాయి తాగుతాడా?" అని ఒక్కటే అడిగాడు. తాగడని ఐడా చెప్పింది. అతను తిరిగి మూలికల తూకంలో పడ్డాడు.

వాషింగ్టన్ రాష్ట్రంలో అలాంటి చట్టం లేదని ఈమనే కనుక్కున్నాడు. జనవరిలో ఇద్దరూ వేరు వేరు పెట్టెల్లో రైలెక్కి సియాటిల్ వెళ్లారు. పెళ్లిళ్లు నమోదు చేసే కచేరీలో గుమాస్తా పేర్లు, వయసులు, చిరునామాలు రాసుకుని వేలు చాపి సంతకాల చోటు చూపించాడు.

"ఇంకేం అడగరా?" అంది ఐడా.

"ఇంకేం అడగాలమ్మా?" అన్నాడు గుమాస్తా, ఆవలిస్తూ.

తిరిగొచ్చాక అద్దెకి ఇల్లు అడగబోతే ముగ్గురు ఇంటివాళ్లు వాళ్లని చూసి తలుపు వేసేశారు. స్టూడియోలో ఈమన్‌కి మెల్లగా పిలుపులు తగ్గాయి. అతను ఇంట్లోనే విగ్గులు కుట్టి నాటకాలవాళ్లకి అమ్మడం మొదలుపెట్టాడు. ఐడాని ఆ తర్వాత రెండు బొమ్మల్లో గుంపులో నిలబెట్టారు. ముఖం ఉన్న వేషం ఎవరూ ఇవ్వలేదు. బాయిల్ హైట్స్ పేటలో ఓ యూదు వితంతువు చివరికి రెండు గదులు అద్దెకిచ్చింది.

మార్చిలో ఓ ఆదివారం తండ్రి ఎండు పుట్టగొడుగుల సంచీతో మెట్లెక్కి వచ్చాడు. కూర్చోమన్నా కూర్చోలేదు. గదులు చూశాడు, గోడ మీద ఆరేసిన విగ్గులు చూశాడు, పొయ్యి ముందు వంగి పొగగొట్టం మీద వేలితో తట్టాడు.

"ఇది మూసుకుపోయింది. ఇలా వండితే ఇద్దరూ దగ్గి చస్తారు."

ఈమన్ చొక్కా చేతులు మడిచాడు. మామాఅల్లుళ్లు నేల మీద పాత కాగితాలు పరిచి, పొగగొట్టం ఊడదీసి, మసి దులపడం మొదలుపెట్టారు. ఐడా పుట్టగొడుగులు నీళ్లలో నానేసింది.