లోపలివైపు గడియ

నేను ఒక ఇనుప గడియను. జానెడు పొడవు, బొటనవేలంత లావు. కమ్మరి వీరబ్రహ్మం నన్ను సాగగొట్టిన రోజున కోటయ్యగారు వచ్చి, "ధాన్యం కొట్లో ఎలుకలు ఎక్కువయ్యాయి, తలుపుకు బయటివైపు బిగించు" అన్నారు. ఎలుకలకు గడియతో పని లేదని వీరబ్రహ్మానికి తెలుసు. అయినా నోరెత్తకుండా మేకులు దిగగొట్టి, మొనలు లోపలివైపు వంచి మరీ బిగించాడు. తెలిసిన సంగతిని మనుషులు అడగరు.

ఆ ఎలుక పేరు నాంచారమ్మ, కోటయ్యగారి కూతురు. తొమ్మిదేళ్ళది. ఎదురు మాట్లాడితే కొట్లో. గట్టిగా నవ్వినా కొట్లోనే. తలుపు బాది బాది ఊరుకునేది. అప్పుడు వాళ్ళమ్మ వచ్చి నా మీద చెయ్యి వేసేది. ఆ చెయ్యి నన్ను తడిమేది గానీ జరిపేది కాదు. కన్నతల్లి చెయ్యి అంత చల్లగా కూడా ఉంటుందని నాకప్పుడే తెలిసింది.

అరవై రెండేళ్ళ తర్వాత నాంచారమ్మ అత్తింటినుంచి ఇక్కడే ఉండిపోవడానికి తిరిగొచ్చింది. పెనిమిటి పోయాడు, ఈ ఇంట్లో సగం వాటా ఆమెది. తమ్ముడు పిచ్చయ్య వసారాలో మంచం వాల్చాడు.

"నాకు ఆ కొట్టుగదే కావాల. సుత్తి ఏడుందిరా?"

"అదెందుకక్కా? గుబులు పుడతది."

"పుట్టాల్సిందంతా అప్పుడే పుట్టింది. ముందు ఆ గడియ పీకాల."

"నాన్న బిగిచ్చిందే అది! పెద్దాయన గుర్తు. మన మంచికేగా వేసేవాడు."

"మన మంచికా? నిన్నెన్నిసార్లు వేశాడేంది?"

పిచ్చయ్య వెళ్ళి సుత్తి తెచ్చిచ్చాడు.

వంచిన మొనలు విప్పడానికి ఆమెకు పొద్దంతా పట్టింది. రెండు మేకులు విరిగాయి, ఒక గోరు చిట్లింది. "ఇటివ్వక్కా, నే కొడతా" అని తమ్ముడు చెయ్యి చాపినా సుత్తి వదల్లేదు. నన్ను లోపలివైపు పెట్టి కొట్టింది. కాస్త వంకరగానే. వంకరైతేనేం, ఊడను.

లోపలికి వెళ్ళి, నన్ను జరిపి, చాప మీద కాళ్ళు చాపుకుంది. కాసేపటికి తలుపు మీద టక్‌టక్ మని చప్పుడు.

"అక్కా, కాఫీ తెచ్చా."

"నిలబడు. తియ్యాలనిపిచ్చినప్పుడు తీస్తా."

ఇన్నేళ్ళలో ఆ తలుపును బయటినుంచి ఒకరు తట్టడం నేను వినడం అదే మొదలు. గ్లాసు పట్టుకుని పిచ్చయ్య నిలబడే ఉన్నాడు. ఆమె నింపాదిగా జుట్టు ముడి వేసుకుంటోంది.